గుడ్డు తగలని ట్రే

ఆవిడ చేసిన ఓట్స్ ముక్కలను నేను మెచ్చుకున్నంతగా ఇంకెవరూ మెచ్చుకుని ఉండరు. నాలుగేళ్ళపాటు, దాదాపు ప్రతి వారం, మెట్ల మీద ఎదురైనా, కూరగాయల బండి దగ్గర కలిసినా, మెచ్చుకుంటూనే ఉన్నాను. ఆ నాలుగేళ్ళలో ఒక్క ముక్కయినా నోట్లో పెట్టుకోలేదు.

ఆవిడ పోయారని ఫోన్ వచ్చినప్పుడు నాకు మొదట గుర్తొచ్చింది ఇదే. ఘాజియాబాద్ నుంచి వాళ్ళ చెల్లెలు చేసింది. "అక్క డైరీలో మీ నంబరు ఉందండి. పొద్దున చర్చికి తయారవుతా అలాగే కుర్చీలో కూలబడిపోయింది. ఆస్పత్రికి తీసుకెళ్ళేలోపే..." అని ఆగిపోయింది. నేను "అయ్యో" అన్నాను. ఆ తర్వాత, ఎన్నింటికి అని అడిగాను. ఏడు ఇరవైకి అని చెప్పింది. అక్కాచెల్లెళ్ళిద్దరూ నర్సులే. ఏ సంగతైనా టైముతో సహా చెప్పడం వాళ్ళకు అలవాటు.

ఢిల్లీ జనక్‌పురిలో మాది రెండో అంతస్తు, ఆవిడది మూడోది. అందరిలాగే నేనూ ఆంటీ అనే పిలిచేదాన్ని. పెళ్ళి చేసుకోలేదు. ఒక పెద్ద ఆస్పత్రిలో ఆపరేషన్ థియేటర్ నర్సు. పాలకొల్లు దగ్గరి పల్లెటూరు నుంచి వచ్చి ముప్పై ఏళ్ళయినా యాస మాత్రం అక్కడిదే. మధ్యమధ్యలో అచ్ఛా అనీ ఠీక్ హై అనీ కలిసేది, అంతే. మెట్లు ఎక్కేటప్పుడు ఆవిడ చెప్పుల చప్పుడు వేరుగా ఉండేది. రెండేసి మెట్లు ఎక్కేవారు, యాభై దాటిన మనిషి. "మెల్లగా ఆంటీ" అంటే, "మెల్లగా వెళ్తే మోకాళ్ళకి నొప్పి గుర్తొత్తాదమ్మా" అనేవారు.

చేతులు కడుక్కున్నాక కిందికి దించేవారు కాదు. మోచేతులు వంచి, వేళ్ళు పైకి పెట్టి, నీళ్ళన్నీ మోచేతుల మీదుగా కారిపోయేదాకా అలా నిలబడిపోయేవారు. కుళాయి మోచేత్తోనే కట్టేవారు. వాళ్ళ ఇంట్లో కుళాయిలన్నీ అందుకు వీలుగా పొడవు పిడులున్నవి పెట్టించుకున్నారు. మొదటిసారి చూసినప్పుడు ఏదో ప్రార్థన చేస్తున్నారనుకుని నేను కూడా ఊరుకుండిపోయాను. "ఏంటమ్మా అలా నిలబడ్డావు, తువ్వాలు అందించు" అన్నారు.

ఇంకొక అలవాటు లెక్క. ఆపరేషన్ మొదలయ్యే ముందు కత్తెరలు, గుడ్డముక్కలు లెక్కపెడతారట. కుట్లు వేసేముందు మళ్ళీ లెక్కపెడతారట. రెండు లెక్కలూ కలిస్తేనే కుట్టు. ఆవిడ వంటింట్లోనూ అంతే. గిన్నెలు, చెంచాలు, వెన్న చుట్టిన కాగితం, అన్నీ మొదట్లో లెక్క, చివర లెక్క. ఒకసారి వెన్న కాగితం మూల చిరిగి, ఆ చిన్న ముక్క కనిపించలేదు. పిండి మొత్తం వేళ్ళతో వెదికారు. దొరకలేదు. మొత్తం తీసి చెత్తబుట్టలో వేశారు. "ఏం కాదులే ఆంటీ, ఎంత ముక్కని" అన్నాను. "ఏం కాదులే అన్న డాక్టర్ల పేషెంట్లందరూ రెండోసారి బల్లెక్కారమ్మా" అన్నారు. మరుసటి ఆదివారం దాకా ఆ విషయం మీద ఆవిడకు కోపం తగ్గలేదు. కోపం ఎవరి మీదంటే, ఆవిడ మీద ఆవిడకే.

మంచి కోపిష్టి మనిషి అని కూడా చెప్పాలి. పళ్ళ బండివాడు ఆవిడను చూస్తే అడుగున పెట్టిన యాపిల్స్ తీసి పైన పెట్టేవాడు. లేకపోతే ఆవిడే బుట్ట తలకిందులు చేసేవారు. చర్చిలో పాట శ్రుతి తప్పితే వెనక్కి తిరిగి చూసేవారట. ఆవిడ దేవతలాంటి మనిషని నేను రాయబోవడం లేదు. దేవతలాంటి మనిషైతే నా తప్పు ఇంత బరువుగా ఉండేది కాదేమో.

మేము ఆ ఇంట్లోకి వచ్చిన నెలలోనే మొదటి డబ్బా వచ్చింది. పాత బిస్కెట్ల రేకు డబ్బా. మూత మీద దెబ్బలకు వేసే తెల్ల ప్లాస్టర్ అతికించి, దాని మీద నీలం సిరాతో ఏ పండు వేశారో, ఏ రోజు, ఎన్నింటికి దించారో రాసి ఉంది. గుమ్మం బయటే నిలబడి చెప్పారు:

"ఓట్సు ముక్కలమ్మా. మధ్యలో యాపిలు ఉడకబెట్టి పెట్టాను. గుండె జబ్బు వాళ్ళకి ఓట్సు జావ పోత్తారు గదా మా ఆస్పత్రిలో, ఆ జావ చూత్తేనే రోగం గుర్తొత్తాది నాకు. అందుకని ఇలా కాల్చడం నేర్చుకున్నా. గుడ్డు లేదు. ట్రే కూడా కొత్తది కొన్నాను. కేకులు చేసేది వేరే ఉంది, అది దీనికి తగల్లేదు. మీరు తినరని తెలుసు గదా."

నేను డబ్బా అందుకుని థాంక్స్ చెప్పేలోపు మా అత్తగారు లోపలినుంచి వచ్చారు. అత్తగారు మా దగ్గరే ఉండేవారు. మడి, ఆచారం ఢిల్లీ వచ్చినా వదలని మనిషి. నవ్వుతూనే పలకరించారు.

"ఏ ఊరమ్మా మీది?"

"పాలకొల్లు దగ్గరండి."

"ఏమిట్లు?"

"క్రిస్టియన్సండి."

"అది సరే. అంతకుముందు?"

ఆంటీ కూడా నవ్వారు. "అంతకుముందు కూడా పాలకొల్లు దగ్గరేనండి" అన్నారు.

అత్తగారు కాఫీ తాగి వెళ్ళమన్నారు. ఆంటీ చేతి గడియారం చూసుకుని "డ్యూటీకి టైమైందండి" అని రెండేసి మెట్లు ఎక్కి వెళ్ళిపోయారు. ఆ తర్వాత మా ఇంట్లో ఏమిచ్చినా ఆవిడకు డ్యూటీకి టైమయ్యేది. ఆదివారం సాయంత్రం కూడా అదే మాట. మా ఇంట్లో ఆవిడకు ఏ గ్లాసులో కాఫీ ఇస్తామో ఆవిడకు ముందే తెలుసని నాకు చాలా రోజులకు గాని తట్టలేదు. ఆ గ్లాసు బయటికి తీసే అవసరం మాకు రాకుండా ఆవిడే చూసుకున్నారు.

తలుపు వేశాక అత్తగారు, "పాపం మంచిదే. కానీ మనకు పడదులే. కమలకు ఇచ్చెయ్యి" అన్నారు. పప్పులో ఉప్పు చాలలేదన్నంత మామూలుగా అన్నారు. కమల మా ఇంట్లో గిన్నెలు తోమే మనిషి. డబ్బా తెరవకుండానే కమల చేతిలో పెట్టాను. అది ముక్కలు తన సంచిలో పోసుకుంది. నేను డబ్బా శుభ్రంగా కడిగి, ఖాళీగా ఇవ్వకూడదని కొన్ని నిమ్మకాయలు వేసి పంపించాను.

రెండు రోజుల తర్వాత మెట్ల దగ్గర అడిగారు. "ఎలా ఉన్నాయమ్మా?"

"చాలా బాగున్నాయి ఆంటీ."

"తీపి సరిపోయిందా?"

"సరిగ్గా సరిపోయింది."

ఆవిడ ముఖం వెలిగిపోయింది. ఆ వెలుగు చూడకపోయి ఉంటే బహుశా రెండోసారి అబద్ధం చెప్పేదాన్ని కాదు. చూశాను గనుక ఇక వెనక్కి రాలేకపోయాను.

ఆ తర్వాత ప్రతి ఆదివారం, చర్చి నుంచి రాగానే వంట, సాయంత్రానికి డబ్బా. చలికాలం యాపిల్, జామ. ఎండాకాలం ఆలూబుఖారా. వానలు పడ్డాక మామిడి. ఆవిడ ఊరికే బాగుందంటే వదిలే మనిషి కాదు. పులుపు ఎలా ఉంది, పైన పొడి కరకరలాడిందా, అడుగు మెత్తబడిందా అని వివరాలు కావాలి. అందుకని నేను ఒక ఉపాయం కనిపెట్టాను. మరుసటి పొద్దున కమలను అడిగేదాన్ని, ఎలా ఉన్నాయని. అది చెప్పింది చెప్పినట్టు ఆంటీకి అప్పజెప్పేదాన్ని. ఆంటీ తల ఊపుతూ వినేవారు. కొన్నిసార్లు చిన్న పుస్తకంలో రాసుకునేవారు.

మా ఇంటినుంచి కూడా పైకి వెళ్ళేవి. పండగకు పులిహోర, శ్రావణమాసంలో శనగలు, బూరెలు. అవన్నీ ఆవిడ తినేవారు. తిని, ఉన్నదున్నట్టు చెప్పేవారు. "ఇంగువ ఎక్కువైందమ్మా పులిహోరలో. మీ అత్తగారికి చెప్పకులే." మేము పెట్టింది ఆవిడ తిని నిజం చెప్పేవారు. ఆవిడ పెట్టింది నేను తినకుండా అబద్ధం చెప్పేదాన్ని. ఈ వాక్యం రాయడానికి నాకు ఇన్నేళ్ళు పట్టింది.

రెండో ఏడు కమల పైన ఆంటీ ఇంట్లో కూడా పనికి కుదిరింది. ఒకరోజు గిన్నెలు తోముతూ సంతోషంగా చెప్పింది. "ఊపర్ వాలీ దీదీ పూఛ్ రహీ థీ, మేరే బచ్చోఁ కో కౌన్ సా పసంద్ హై." పైనావిడ తన పిల్లలకు ఏ పండు ముక్కలు ఇష్టమో అడిగిందట.

నీ పిల్లలకు ఇస్తున్నామని ఆవిడకు ఎవరు చెప్పారని అడిగాను.

"మైఁనే బోలా దీదీ. ఆప్ లోగ్ తో ఖాతే నహీఁ." మీరు తినరు కదా, అందుకని నేనే చెప్పాను, అంది. దాని గొంతులో ఏ కల్మషమూ లేదు. అందులో దాచవలసింది ఏమైనా ఉందని దానికి ఎవరు చెప్పారు గనుక.

"దానికి ఆవిడేమంది?"

"బోలీ, అచ్ఛా." అంతేనట. ఆ తర్వాత పిల్లలకు ఏది ఇష్టమో అడిగిందట. పుల్లగా ఉన్నవి తినరు, యాపిల్‌వి అయితే కొట్టుకుని తింటారు అని ఇది చెప్పిందట.

ఆ ఆదివారం దాకా నేను మెట్ల వైపు వెళ్ళలేదు. ఇక డబ్బా రాదనుకున్నాను, వస్తే కమలకే నేరుగా వెళ్తుందనుకున్నాను. సాయంత్రం ఐదింటికి గంట మోగింది. డబ్బా పట్టుకుని ఆవిడే. ప్లాస్టర్ మీద యాపిల్ అని రాసి ఉంది. ఆలూబుఖారా కాలంలో యాపిల్ ఎక్కడ దొరికిందో, ఎంత వెదికారో తెలియదు. నా చేతిలోనే పెట్టారు. రెండు రోజుల తర్వాత ఎప్పటిలాగే అడిగారు. "ఎలా ఉన్నాయమ్మా?"

ఆవిడకు తెలుసు. ఆవిడకు తెలుసని నాకు తెలుసు. అప్పుడైనా క్షమించండి ఆంటీ అని ఉండవచ్చు. "చాలా బాగున్నాయి ఆంటీ" అన్నాను. ఆవిడ నా ముఖం వంక కాసేపు చూసి, "అచ్ఛా" అన్నారు.

పిల్లలకు ఇవ్వడమే ఆవిడకు కావలసింది అయితే కమల రోజూ వాళ్ళింటికి వెళ్తూనే ఉంది. కానీ డబ్బా మాత్రం ప్రతి ఆదివారం మా గుమ్మానికే వచ్చేది. ఏదో ఒక ఆదివారం నేను మూత తీస్తానని ఆవిడ ఎదురుచూశారు. నాకు అంతకంటే వేరే అర్థం ఎప్పుడూ తోచలేదు.

ఇంతదాకా చదివినవారు అత్తగారి మీద కోపం తెచ్చుకుని ఉంటారు. నేను కూడా ఆ నెపం మీదే చాలాకాలం బతికాను. ఆవిడ ఉన్న ఇంట్లో నేనేం చేయగలను అనుకునేదాన్ని. మూడో ఏడు అత్తగారు వాళ్ళ అమ్మాయి కాన్పుకు హైదరాబాద్ వెళ్ళారు, మూడు నెలలకు. ఆ మొదటి ఆదివారమే డబ్బా వచ్చింది. మా ఆయన ఆఫీసు పని మీద బెంగళూరులో ఉన్నాడు. ఇంట్లో నేను ఒక్కదాన్నే. మూత తీశాను. వెన్నా, కాలిన ఓట్సూ, పండిన ఆలూబుఖారా కలిసిన వాసన. నోట్లో నీళ్ళూరాయి. ఒక ముక్క తీసి పెదాల దాకా తెచ్చాను.

పెట్టుకోలేకపోయాను. చేయి అక్కడే ఆగిపోయింది. ముందురోజే మార్కెట్‌లో ఆలూ టిక్కీ తిన్నాను. వేసినవాడు ఎవరో, ఏ ఊరో, చేతులు ఎప్పుడు కడుక్కున్నాడో నాకు తెలియదు. ఇక్కడ మోచేతులదాకా చేతులు కడుక్కునే మనిషి, నాకోసం కొత్త ట్రే కొన్న మనిషి చేసింది నోటికి రాలేదు. అత్తగారు వెయ్యి మైళ్ళ అవతల ఉన్నారు. అక్కడ ఉన్నదల్లా నేనే. అప్పటిదాకా నన్ను నేను మంచిదాన్ననుకున్నాను. ముక్క డబ్బాలో పెట్టి, మూత వేసి, కూర్చుని ఏడ్చాను. మర్నాడు పొద్దున కమల రాగానే ఇచ్చేశాను.

అత్తగారు లేరని ఆంటీకి తెలుసు. రెండు వారాలు ఆగి ఒక శనివారం పిలిచారు. "ఇవాళ ఆఫ్ తీసుకున్నా. పైకి రా, ఎలా చేత్తానో చూద్దువుగాని. ఊరికే బాగుంది బాగుంది అంటావు, నేర్చుకోవా?"

వెళ్ళాను. వంటింట్లో ఒక కుర్చీ వేసి కూర్చోబెట్టారు. మొదట లెక్క. గిన్నెలు రెండు, చెంచాలు మూడు, కత్తి ఒకటి. ఆలూబుఖారా గింజలు తీసి చక్కెర, చిటికెడు ఉప్పు వేసి చిన్న మంట మీద పెట్టారు. చల్లటి వెన్నను గోధుమపిండిలో, ఓట్సులో వేసి వేళ్ళ కొసలతో నలిపారు. అరచెయ్యి తగలనివ్వలేదు, వేడికి వెన్న కరిగిపోతుందని. ఉప్మా రవ్వలాగా పొడిపొడిగా అయ్యాక సగం ట్రేలో పోసి, గిన్నె అడుగుతో గట్టిగా అదిమారు. దాని మీద పండు గుజ్జు పరిచారు. మిగతా పొడి పైన చల్లారు.

"పైది నొక్కకూడదమ్మా. కిందది ఎంత నొక్కితే అంత మంచిది, పైదాన్ని దాని మానాన వదిలెయ్యాలి."

గుండ్రటి అల్యూమినియం ఓవెన్, పైన గాజుబిళ్ళ. కరెంటు పోతుందేమోనని గోడ మీది స్విచ్చి లైటు వంక చూస్తూ దాని పక్కనే కూర్చున్నారు. ఆ నలభై నిమిషాలు ఆవిడ చెప్పిన కబుర్లు ఇన్నీ అన్నీ కావు. థియేటర్లో మొదటిసారి కళ్ళు తిరిగి పడిపోయింది పేషెంటు కాదు, తనే అని చెప్పి పడీ పడీ నవ్వారు. చెల్లెలికి నర్సింగ్ సీటు వచ్చిన రోజు ఊళ్ళో ఎవరూ నమ్మలేదని చెప్పారు. నేనూ నవ్వాను. ఆవిడ ఇంట్లో అంత హాయిగా కూర్చోగలిగిన నన్ను చూసి నాకే ఆశ్చర్యం వేసింది.

ఓవెన్‌లోంచి ట్రే దించి, చల్లారేదాకా ఆగారు. వేడి మీద కోస్తే కుట్టు విడిపోయినట్టు విడిపోతాయన్నారు. చల్లారాక చదరాలుగా కోసి, పింగాణీ పళ్ళెంలో ఒకటి పెట్టి నా ముందుంచారు. ఎదురుగా స్టూలు మీద కూర్చున్నారు. చేతులు ఒళ్ళో పెట్టుకుని చూస్తున్నారు.

ఆ పళ్ళెం వంక చూస్తూ నేనన్న మాట ఇది. "ఇవాళ శనివారం కదా ఆంటీ. నాకు ఉపవాసం."

శనివారాలు నాకు ఏ ఉపవాసమూ లేదు. ఆ పొద్దున ఇడ్లీలు తిని వచ్చాను. ఆవిడ గబుక్కున లేచారు. "అయ్యో, ముందే చెప్పాలి గదమ్మా" అంటూ పళ్ళెం తీసేశారు. డబ్బాలో సర్ది మూత బిగించారు. కిటికీ తలుపులు రెండూ బార్లా తెరిచారు. "ఉపవాసమున్న మనిషికి ఈ వాసన కూడా చూపించకూడదు. మా శ్రమదినాల ఉపవాసాల్లో నాకెవరైనా ఇలా చేత్తే ఎంత కోపమొత్తాదో" అన్నారు. నమ్మారో లేదో నాకు తెలియదు. నమ్మినట్టే చేశారు. నా అబద్ధానికి కూడా అంత మర్యాద చేశారు.

ఆ మర్యాద నాకు శిక్షయింది. ఆ తర్వాత ఆవిడ శనివారాలు గుర్తుపెట్టుకున్నారు. మెట్ల మీద కనిపిస్తే, "ఇవాళ నీకు ఉపవాసం గదా, ఎండలో తిరక్కు" అనేవారు. ఒక శనివారం బాల్కనీలో నిలబడి జామకాయ కొరుకుతుంటే పైనుంచి ఆవిడ దగ్గు వినిపించి చప్పున లోపలికి పరిగెత్తాను. ఇలా దాక్కోలేక చివరికి నిజంగానే శనివారాలు ఉపవాసం మొదలుపెట్టాను. ఇంత భక్తి ఎప్పుడు పుట్టిందని మా ఆయన నవ్వాడు. తిరిగొచ్చిన అత్తగారు మురిసిపోయారు. కోడలికి ఏ మొక్కుందో అని అందరికీ చెప్పుకున్నారు. ఒక ముక్క తినలేక వారానికి ఒక పూట పస్తు ఉన్నది లోకంలో నేనొక్కదాన్నేనేమో.

మెట్రో రైలు జనక్‌పురిలో ఇంకా కొత్తగా ఉన్న రోజుల్లో ఆవిడ రిటైరయ్యారు. ఘాజియాబాద్‌లో చెల్లెలి దగ్గరికి వెళ్ళిపోతున్నానన్నారు. సామాను టెంపోలోకి ఎక్కుతుంటే నేను కిందికి దిగి వెళ్ళాను. ఆవిడ ఒక్కో పెట్టె మీద ప్లాస్టర్ అతికించి అంకె వేసి, టెంపో దగ్గర నిలబడి లెక్కపెట్టుకుంటున్నారు. నన్ను చూసి సంచిలోంచి ఒక ట్రే తీసి ఇచ్చారు. నాలుగేళ్ళు ఓవెన్‌లో కాలి అంచులు నల్లబడిన ట్రే.

"ఇది నువ్వుంచుకో. మా చెల్లి ఇంట్లో అందరూ గుడ్డు తినేవాళ్ళే, దీనితో పని లేదు. కాగితం మీద అంతా రాసి అందులో పెట్టాను. నీ చేత్తో చేసుకుని తిను." సంచి మూతి ముడివేశారు. "అప్పుడు నా చెయ్యి తగలదు గదా."

కోపంగా అనలేదు. ఎత్తిపొడుపుగా కూడా అనలేదు. జ్వరం ఎంత ఉందో చెప్పినట్టు చెప్పారు. నాలుగేళ్ళలో ఆవిడ ఆ సంగతి ఎత్తింది ఆ ఒక్కసారే. ఆవిడ గడియారం చూసుకుని, టెంపో ముందు సీటులోకి ఎక్కి, డ్రైవర్‌ను "చలో భయ్యా" అన్నారు. వెనక్కి తిరిగి చూడలేదు.

ఆ ట్రేలో నేను ఎప్పుడూ ఏమీ చేయలేదు. ఆవిడ చెయ్యి తగలకుండా అవి తినడం కంటే అసలు తినకపోవడమే నయమనిపించింది. ఒకరోజు ఘాజియాబాద్ వెళ్ళాలి, ఆవిడ ఎదురుగా కూర్చుని, ఆవిడ చేసింది ఆవిడ పళ్ళెంలోనే తినాలి అనుకున్నాను. నిజంగా అనుకున్నాను. క్రిస్మస్‌కు ఫోన్ చేసినప్పుడు "వస్తాను ఆంటీ" అన్నాను కూడా. "రా, శనివారం కాకుండా రా" అన్నారు. ఏడాదిన్నర గడిచింది. ఢిల్లీ ఈ కొసనుంచి ఆ కొస దాటి వెళ్ళడానికి ఎన్ని అడ్డంకులుంటాయో, వెళ్ళకూడదనుకున్నవాళ్ళకు అన్నీ దొరుకుతాయి. ఆ తర్వాత ఫోన్ వచ్చింది.

జ్ఞాపకార్థం ప్రార్థన ఆదివారం మధ్యాహ్నం, చెల్లెలి ఇంట్లో. మెట్రో దిగి షేర్ ఆటో ఎక్కి వెళ్ళాను. చిన్న హాలు నిండా మనుషులు, సగంమంది నర్సులే. పాటలూ బైబిల్ వాక్యమూ అయ్యాక నేను మూలనున్న కుర్చీలోంచి లేవబోతుంటే చెల్లెలు దగ్గరికి వచ్చింది. ఆవిడలాగే చురుకైన నడక.

"జనక్‌పురి నుంచి వచ్చారా? కింద ఇంట్లో ఉండేవారు మీరేనా?"

అవునన్నాను. ఆమె నా చెయ్యి గట్టిగా పట్టుకుని మిగతావాళ్ళ వైపు తిరిగింది. "అక్క చెప్పేది గదా, కింద ఇంటి అమ్మాయని. ఈవిడే. వాళ్ళది ఎంతో మడిగా ఉండే ఇల్లంట, అయినా అక్క చేతిది తినేదంట. ప్రతి ఆదివారం డబ్బా ఖాళీ అయిపోయేదంట. నా చేత్తో చేసింది ఆ కాలనీలో ఆ ఒక్క పిల్లే తింటాదే అని ఎన్నిసార్లు చెప్పిందో."

ముసలి నర్సు ఒకామె వచ్చి నా తల నిమిరింది. ఇంకొకామె కళ్ళు తుడుచుకుంది. అందరూ నా వైపు ఎంతో ప్రేమగా చూస్తున్నారు.

ఆంటీ ఎందుకు అలా చెప్పారో నాకు తెలియదు. నా పరువు కాపాడారో, తన పరువే కాపాడుకున్నారో. నాలుగేళ్ళు డబ్బా పట్టుకుని మా గుమ్మం ముందు నిలబడ్డ సంగతి సొంత చెల్లెలికి కూడా చెప్పుకోలేక అలా మార్చి చెప్పుకున్నారో. ఇది మూడోదే అయితే, నేను ఆవిడ చేత కూడా అబద్ధమాడించానన్నమాట. లెక్క తప్పితే పిండి మొత్తం పారేసే మనిషి చేత. నిజం చెప్పేద్దామని నోరు తెరిచాను. చెల్లెలి ముఖం చూశాను. అక్క గురించి ఆమెకు మిగిలిన నాలుగు సంతోషాల్లో ఇదొకటి. నోరు మూసుకున్నాను.

"ఉండండి, వెళ్ళిపోకండి" అని ఆమె లోపలికి వెళ్ళింది. ఒక పళ్ళెం పట్టుకుని వచ్చింది. "పోయిన వారం అక్క చేసి ఫ్రీజర్‌లో పెట్టింది. ఇంక ఇవే. మీరు వస్తారనే తీసి వెచ్చబెట్టాను. తీసుకోండి."

పళ్ళెంలో రెండు ముక్కలు. చుట్టూ అందరూ చూస్తున్నారు. ఒకటి తీసి కొరికాను. పైన పొడి పళ్ళ కింద కరకరలాడి విరిగింది. వెంటనే పండు పులుపు, దవడలు లాగేసేంత పులుపు. ఆ వెనక కాస్త ఉప్పు, చాలాసేపటికి తీపి. ఇన్నేళ్ళూ నేను నోటినిండా మెచ్చుకున్నది ఇది కాదు. ఇది నాకు అసలు తెలియనే తెలియదు. మొదటిసారి తింటున్నట్టు ముఖంలో కనిపించకూడదని తల వంచుకున్నాను. కళ్ళలోంచి నీళ్ళు పళ్ళెంలో పడ్డాయి. చెల్లెలు నా భుజం మీద చెయ్యి వేసి, మెల్లగా అడిగింది:

"రుచి మారలేదు గదండీ? ఎప్పటిలాగే ఉన్నాయా?"

"ఎప్పటిలాగే ఉన్నాయి" అన్నాను.